లేయ్‌బెకె రాజుగారి అంత్యక్రియలు

జెంట్
1794 జూన్ 17

గోడెలీవ్ అక్కయ్యకు తమ్ముడు లీవెన్ నమస్కరించి రాసేది.

క్షేమంగా ఇల్లు చేరాను. మెడ మాత్రం ఇంకా పట్టేసే ఉంది. నిట్టనిలువుగా ఆకాశంలోకి చూసి బాణం వెయ్యటం వకీళ్ళ మెడలకు సరిపడే పని కాదు.

ఇంతవరకు నాకే నమ్మకం కుదరటం లేదు. పదిహేనేళ్ళుగా ఏటా విల్లు సంఘం పండగకి ఊరొచ్చి, ఒక్క బాణం వేసి, అది ఎవరి టోపీలోనో దిగబడితే క్షమాపణ చెప్పుకుని బండెక్కేవాణ్ణి. ఈసారి తుమ్మొచ్చింది. కళ్ళు మూసుకుని తుమ్మాను, చెయ్యి జారింది. కళ్ళు తెరిచేసరికి స్తంభం కొసన కర్రపిట్ట లేదు, జనం నన్ను భుజాలకెత్తుకున్నారు. తుమ్ము సంగతి నీకొక్కదానికే చెబుతున్నాను. పిట్టను పడగొట్టినవాడు ఏడాదిపాటు సంఘానికి రాజు కాబట్టి, ఇక నేను రాజుని. నాన్న రాజైనప్పుడు నాకు ఏడాది వయసట. ఆయన ఉండి చూసి ఉంటే బాగుండేది.

రాజు వేసుకునే వెండి గొలుసు నీ దగ్గరే వదిలేసి వచ్చాను. అరవై ఏళ్ళ రాజుల పేర్లు చెక్కిన బిళ్ళలున్నాయి దానికి, నాన్న బిళ్ళతో సహా. నాది కూడా కంసాలి రేపో మాపో తగిలిస్తాడు. జాగ్రత్త.

ఫ్రెంచి సైన్యం వస్తోందని ఇక్కడ అందరికీ కాళ్ళూ చేతులూ ఆడటం లేదు. నాకేం దిగుల్లేదు. ఆస్ట్రియా చక్రవర్తి పేరున వాదించే వ్యాజ్యాన్నే రేపు వాళ్ళ పేరున వాదిస్తాను. వకీళ్ళు అక్కర్లేదన్న ప్రభుత్వం ఎక్కడా లేదు.

నీ తమ్ముడు,
లీవెన్ కల్లెవార్ట్, వకీలు
(లేయ్‌బెకెకు రాజు)

*

లేయ్‌బెకె, బెగీన్ల వాడ
1794 ఆగస్టు 20

ఒరేయ్ లీవెన్,

వచ్చారు నీ ఫ్రెంచివాళ్ళు. మా వాడలోకి కూడా వచ్చి, పెళ్ళి చేసుకోకుండా, మఠంలోనూ చేరకుండా ఇంతమంది ఆడవాళ్ళు ఒక గోడ లోపల ఎందుకుంటున్నారని అడిగారు. లేసు అల్లుకోవటానికి అన్నాను. రాసుకుని వెళ్ళారు.

విల్లు సంఘాన్ని రద్దు చేశారు. పిట్ట స్తంభాన్ని పీకి, తీసుకెళ్ళి చౌకులో పాతి, కొసన ఎర్రటోపీ తగిలించి, ఇది స్వేచ్ఛా వృక్షం అన్నారు. సంఘం పెద్ద ఖీస్లెన్ దానికింద నిలబడి చాలాసేపు పైకి చూశాడట. గురి చూస్తున్నాడేమోనని వాళ్ళావిడ రెక్క పట్టుకుని లాక్కొచ్చింది.

గొలుసు కోసం ఇల్లిల్లూ గాలించారు. అది నా రై పిండి డబ్బాలో ఉంది. మొన్న ఒక బిళ్ళ ఊడి పిండిలో కలిసిపోతే, పక్కింటి బియాత్రిస్‌కి రొట్టెలో పూర్వకాలపు రాజొకడు పంటికి తగిలాడు. కడిగి మళ్ళీ తగిలించాను.

ఖీస్లెన్ నీకు చెప్పమన్న మాట ఒకటుంది. సంఘం లేదు, స్తంభం లేదు, పిట్ట లేదు. కాబట్టి కొత్త రాజు రాడు. పోయినేడు నువ్వే పెద్ద వకీలునని రాసిచ్చిన పదకొండో నియమం చదివి వినిపించాడు. తర్వాతి పిట్ట పడేదాకా రాజు రాజేనట. రాజీనామా చెల్లదట. నువ్వు నిశ్చింతగా ఉండొచ్చన్నాడు.

గోడెలీవ్

*

జెంట్
ఫ్లోరెయాల్ నెల 12, రిపబ్లిక్ నాలుగో సంవత్సరం (మనకు 1796 మే 1)

పౌరురాలు గోడెలీవ్‌కు పౌరుడు లీవెన్ సోదరభావంతో రాయునది.

ఈ పిలుపు చూసి మొహం చిట్లించుకోకు. ఇక్కడ ఉత్తరాలు ఇలాగే మొదలుపెట్టాలని ఆజ్ఞ. నన్ను ఇక్కడ ప్రభుత్వ వకీలుగా నియమించారు. మూడు రంగుల నడికట్టు, టోపీలో ఈక, అద్దంలో చూసుకుంటే నాకే భయం వేస్తోంది.

నీకు చేతులెత్తి మొక్కుతాను, ఖీస్లెన్‌కి ఒక మాట చెప్పు. పోయినవారం అతను నాకు ఉత్తరం రాశాడు. పైన ఏమని రాశాడో తెలుసా? 'జెంట్‌లో ఉన్న మా రాజుగారికి'. గుమాస్తా దాన్ని నిండు కోర్టులో పైకి చదివాడు. రాజులందరినీ దించేశామని రోజూ చెప్పుకునే చోట అది. ఊళ్ళో మాకో ముసలి గుర్రం ఉంది, దాని పేరు రాజు, దాని సంగతేదో రాసి ఉంటారని చెప్పి బయటపడ్డాను. అప్పటినుంచి గుమాస్తా రోజూ గుర్రం కులాసాయేనా అని అడుగుతున్నాడు. దగ్గుతోందని చెబుతున్నాను.

లీవెన్

*

లేయ్‌బెకె
1797 జులై 3 (నీ పూల నెలలూ పళ్ళ నెలలూ నాకు రావు)

ఒరేయ్ గుర్రం,

నీకు పదోన్నతి వచ్చింది.

మూడేళ్ళు ఏకధాటిగా రాజుగా ఉన్నవాడు బతికున్నంతకాలం సంఘానికి చక్రవర్తి అని కూడా పదకొండో నియమంలో ఉందట. అదీ నువ్వు రాసిందే. జూన్‌తో నీకు మూడేళ్ళు నిండాయి. ఖీస్లెన్ అద్దకం షెడ్డులో, నీలం తొట్లవెనక పద్నాలుగుమంది చేరి పీపా విప్పి నీ పేరు మీద తాగారు. ఖీస్లెన్ ఉపన్యాసం కూడా ఇచ్చాడు. మా వాడ గోడ ఇవతలికి వినిపించింది. ఊళ్ళో నా ఒక్కదానికే వినిపించిందని అనుకోను.

నియమం రాసేటప్పుడు నీకు ఈ మాత్రం తట్టలేదా అని ఖీస్లెన్‌ని అడగబోయి, రాసింది నువ్వని గుర్తొచ్చి ఊరుకున్నాను.

గోడెలీవ్

*

జెంట్
వెండెమియేర్ 8, ఆరో సంవత్సరం (మనకు సెప్టెంబర్ 29)

అక్కయ్యా,

కొంప మునిగింది. వరసగా చెబుతాను, మధ్యలో నవ్వకు.

ఉద్యోగంలో ఉండాలంటే కొత్త ప్రమాణం చెయ్యాలన్నారు. రాజరికాన్ని ద్వేషిస్తున్నానని చెయ్యెత్తి చెప్పాలి. చెప్పాను. బాగా చెప్పానని చప్పట్లు కూడా కొట్టారు. చప్పట్లు ఆగకముందే కమిషనర్ బ్రుషార్ నన్ను పక్కకు పిలిచి ఒక ఆకాశరామన్న ఉత్తరం చేతిలో పెట్టాడు. లేయ్‌బెకెలో ఒక రాజున్నాడని, మొన్న జూన్‌లో అతన్ని చక్రవర్తిని కూడా చేశారని అందులో ఉంది. పేరు మాత్రం లేదు.

బ్రుషార్ తెలివితక్కువవాడు కాదు. అది విల్లు సంఘపు రాజేనని అతనికి తెలుసు. అయినా రద్దయిన సంఘానికి చక్రవర్తిని చెయ్యటం నేరం, రాజంటూ ఒకడు దొరికితే ఓడెక్కించి దీవులకు పంపటం ఖాయం అన్నాడు. ఆ రాజుని పట్టుకునే బాధ్యత నాకు అప్పగించాడు. నువ్వు ఆ ఊరివాడివే కదా, సులువుగా పట్టుకుంటావని భుజం తట్టాడు.

నెలరోజులు గడువు. రాజునో, గొలుసునో తెచ్చి చూపించాలి. గొలుసులో చివరి బిళ్ళ మీద నా పేరుంది. నువ్వు ఆ ఒక్క బిళ్ళా తీసేసి మిగతాది పంపించు. కరిగించేస్తారు, కేసు మూసేస్తారు, నా తల నా భుజాల మీద ఉంటుంది. నీకు పుణ్యముంటుంది అక్కయ్యా.

లీవెన్

*

లేయ్‌బెకె
1797 అక్టోబర్ 6

ఒరేయ్ లీవెన్,

నవ్వాను. తర్వాత ఏడ్చాను. తర్వాత గొలుసు తీసి పిండి దులిపి లెక్కపెట్టాను. అరవై ఒక్క బిళ్ళ. నీది చివరిది. నాన్నది నీకన్నా ముప్పై మూడేళ్ళ ముందుది. ఆ రోజు నాన్న నన్ను భుజం మీద ఎక్కించుకుని చౌకంతా తిరిగాడు. ఆయన అంత గట్టిగా నవ్వటం నేను మళ్ళీ చూడలేదు. అది కరిగించి చెంచాలు చేసుకోమని నేనివ్వను. నువ్వు వచ్చి నా పీక మీద కూర్చున్నా ఇవ్వను.

అలాగని నువ్వు దీవులకు పోవటమూ నాకిష్టం లేదు. అక్కడ నిన్ను చూసేదెవరు, ఇక్కడే నీ సాక్సులు నీకు దొరకవు.

ఖీస్లెన్‌ని పిలిచి అడిగాను. నియమం మార్చటానికి సంఘం సమావేశం కావాలి, సంఘం లేదు కాబట్టి మార్చలేం అన్నాడు. అబద్ధం ఆడదామంటే సంఘం పుస్తకంలో ఇంతవరకు ఎవరూ అబద్ధం రాయలేదన్నాడు. మరి రాజు దిగే దారేదీ లేదా అంటే, ఒకే ఒకటి ఉందన్నాడు. చావాలి.

ఆలోచించు.

గోడెలీవ్

*

జెంట్
అక్టోబర్ 14

అక్కయ్యా,

ఆలోచించాను. చచ్చాను.

నివేదిక రాసి ఇచ్చేశాను. సదరు రాజు కోర్నెలిస్ అనే అవిసెనార కూలీ అనీ, అంటుజ్వరంతో పోయాడనీ, పెట్టె తెరిస్తే ప్రమాదమనీ, గొలుసు కూడా అతనితోపాటే పెట్టెలో పెట్టారనీ రాశాను. అటువంటి మనిషి పుట్టనే లేదు కాబట్టి ఎవరికీ హాని లేదు. బ్రుషార్ చదివి సంతోషించి, రాజు సమాధి కావటం కళ్ళారా చూస్తానని బయల్దేరుతున్నాడు. ఇంకా పూడ్చలేదని నా నోరే జారింది. గురువారం వస్తాం. శిలువ కనపడకూడదు, పాదిరీ ఉండకూడదు, పౌర పద్ధతిలో జరగాలి. రాజుల దుర్మార్గం గురించి ఉపన్యాసం నేనివ్వాలట.

పెట్టె బరువుగా ఉండేట్టు చూడు. గొలుసు అందులోనే పెట్టు, నీ పిండి డబ్బా కన్నా అదే భద్రం.

లీవెన్

*

లేయ్‌బెకె
1797 అక్టోబర్ 22

ఒరేయ్ లీవెన్,

అంతా సవ్యంగా జరిగినట్టే. నువ్వెళ్ళిపోయాక సంగతులు రాస్తున్నాను.

పెట్టెలో గొలుసూ, ఇటుకలూ, నా పాత దుప్పటీ ఉన్నాయి. తెల్లవారగానే అవిసెనార కొట్టంలో పాదిరీగారు అసలు పూజ చేశారు, ఆ తర్వాతే మీ నకిలీది. బ్రుషార్ నీ ఉపన్యాసానికి ఎంత పొంగిపోయాడో చూశావుగా. 'ఈ మనిషి ఎవరికీ పనికిరాకుండా బతికాడు, తలెత్తి ఆకాశం చూడటం తప్ప ఏ పనీ చెయ్యలేదు' అని నువ్వన్నప్పుడు ఖీస్లెన్ వెక్కి వెక్కి ఏడ్చాడు. నిజంగానేరా. నేనూ ఏడ్చాను. నవ్వు ఆపుకోవటానికని మొదలుపెట్టాను, తర్వాత ఆగలేదు.

ఇప్పుడు అసలు మాట. సర్కారుకి చచ్చింది కోర్నెలిస్. సంఘం పుస్తకంలో ఖీస్లెన్ రాసింది మాత్రం నీ పేరు. పుస్తకంలో అబద్ధం ఉండకూడదు కాబట్టి, రాసినదాన్ని నిజం చెయ్యాలని పద్నాలుగుమందీ ఒట్టు వేసుకున్నారు. వాళ్ళ దృష్టిలో నువ్వు లేవు. ఏమీ అనుకోకు. నీ మీద కోపం కాదు, పుస్తకం మీద గౌరవం.

నీకు ఉత్తరం రాయొచ్చా అని ఖీస్లెన్‌ని అడిగాను. పోయినవాళ్ళతో ప్రార్థనలో మాట్లాడతాం కదా, ఇదీ అంతే, రాసుకో అన్నాడు.

గోడెలీవ్

*

జెంట్
1798 జనవరి 24

అక్కయ్యా,

నిజంగానే చేస్తున్నారే వీళ్ళు.

మొన్న మీ వాడకొచ్చే ముందు మంగలి దగ్గర కూర్చున్నాను. నన్ను దాటించి వెనకవాణ్ణి రమ్మన్నాడు. సారాయి కొట్లో బీరు అడిగితే, ఇక్కడేదో చలిగాలి కొడుతోంది, తలుపు వెయ్యండ్రా అన్నారు. ఖీస్లెన్ ఎదురొచ్చాడు. నీలంరంగు చేత్తో టోపీ తీశాడు, తల వంచాడు, సమాధి ముందు నిలబడ్డట్టు కాసేపు నిలబడి వెళ్ళిపోయాడు.

పోనీలే. జెంట్‌లో నన్ను చూసి లేచి నిలబడేవాళ్ళు కావలసినంతమంది ఉన్నారు. నాకేం లోటు.

లీవెన్

*

లేయ్‌బెకె
1806 అక్టోబర్ 20

ఒరేయ్ తమ్ముడూ,

నిన్న నీ తొమ్మిదో సంవత్సరీకం జరిగింది. పాదిరీగారు ఇప్పుడు గుళ్ళోనే బాహాటంగా పూజ చెయ్యొచ్చు కాబట్టి గంట కూడా కొట్టారు. జనం బాగానే వచ్చారు. పూజ తర్వాత నీ ఆత్మశాంతికి ఎండుద్రాక్ష రొట్టెలు పంచారు. నీకు ఒకటి ఈ ఉత్తరంతో పంపుతున్నాను. తిను, నీదే.

నిన్ను నెపోలియన్ చక్రవర్తి సలహాసంఘంలో వేశారని పత్రికలో చూసి ఖీస్లెన్‌కి చెప్పాను. పోయినవాళ్ళకి అక్కడ కూడా పదవులిస్తారా అని అడిగాడు. వెక్కిరింపు కాదు, తెలుసుకోవటానికే అడిగాడు.

వెళ్ళేటప్పుడు ఒక మాట అన్నాడు. లీవెన్ ఉండి ఉంటే ఈ ఏడు అవిసె పంట చూసి సంతోషించేవాడు, అని.

గోడెలీవ్

*

బ్రస్సెల్స్
1816 నవంబర్ 5

అక్కయ్యకు నమస్కారాలు.

నెపోలియన్‌ని దించేశారు, కొత్త రాజుగారొచ్చారు. నేను మళ్ళీ చెయ్యెత్తాను. ఇప్పుడు ప్రతినిధుల సభలో సభ్యుణ్ణి. రాజరికాన్ని ద్వేషిస్తున్నానన్న చెయ్యే ఇది కూడా. ఎవరూ ఏమీ అనలేదు, అందరివీ అవే చేతులు.

లేయ్‌బెకెలో విల్లు సంఘం మళ్ళీ తెరిచారని, కొత్త స్తంభం నిలబెట్టారని తెలిసింది. సభ్యత్వానికి దరఖాస్తు పంపాను. సభ ముద్ర వేసి, మూడు ప్రతులతో. జవాబు రాలేదు. నువ్వు కాస్త కదిలించు.

లీవెన్ కల్లెవార్ట్, ప్రతినిధి

*

లేయ్‌బెకె
1816 నవంబర్ 19

ఒరేయ్ లీవెన్,

కదిలించాను. దరఖాస్తు సంఘంలో చదివారట. పోయినవాళ్ళు విల్లు పట్టరు కాబట్టి తోసిపుచ్చారు.

పెట్టె తవ్వి తీశారు. గొలుసు నల్లబడిందంతే, ముగ్గుపిండితో నేనే తోమి ఇచ్చాను. నీ బిళ్ళ మీద పోయిన తేదీ కూడా చెక్కించారు, చక్కగా కుదిరింది. ఇంత చేశాక బతికొచ్చానంటే ఎలా అన్నాడు ఖీస్లెన్. డెబ్బై అయిదేళ్ళొచ్చినా మొండితనం వెంట్రుకవాసి తగ్గలేదు.

అయినా నీకు ఇప్పుడెందుకురా ఇది? బాణం వెయ్యటం నీకు ఎప్పుడూ రాలేదు.

గోడెలీవ్

*

బ్రస్సెల్స్
1816 డిసెంబర్ 2

అక్కయ్యా,

ఎందుకో చెబుతాను. ముద్రలూ ప్రతులూ లేకుండా చెబుతాను.

ముప్పై ఏళ్ళుగా నేను మంచి వకీలునని అందరూ అన్నారు. ఆస్ట్రియావాళ్ళన్నారు, ఫ్రెంచివాళ్ళన్నారు, ఇప్పుడు వీళ్ళంటున్నారు. ప్రతిసారీ నా పేరుకింద పాత పదవి కొట్టేసి కొత్తది రాశారు. నన్ను ఒక్కసారి కూడా కొట్టెయ్యకుండా ఉంచింది ఆ సంఘం పుస్తకమొక్కటే. అందులో నేనే నా పేరు కొట్టేయించుకున్నాను, ఉద్యోగం పోతుందన్న భయంతో. నా సమాధి దగ్గర నిలబడి నన్ను నేనే తిట్టుకున్నాను, చప్పట్లు కొట్టించుకున్నాను. ఆ ఉపన్యాసం నాకింకా నోటికొచ్చు.

నాకు రాజరికం వద్దు. ఆ పద్నాలుగుమందిలో మిగిలినవాళ్ళు నన్ను చూసి తలుపు వెయ్యమనకుండా ఉంటే చాలు. వాళ్ళ మధ్య కూర్చుని ఒక గ్లాసు బీరు తాగాలనుంది. నాకు ఊరు కావాలి అక్కయ్యా.

నీ తమ్ముడు

*

లేయ్‌బెకె
1816 డిసెంబర్ 11

నాయనా లీవెన్,

నీ ఉత్తరం నేను చివరిదాకా చదవలేకపోయాను, కళ్ళనిండా నీళ్ళు. ఖీస్లెన్ చేతికిచ్చాను. అద్దాలు పెట్టుకుని రెండుసార్లు చదివి, మడిచి జేబులో పెట్టుకున్నాడు. అది నాకు రాసిందయ్యా అన్నా ఇవ్వలేదు.

జనవరి ఇరవైన సంఘం విందు ఉంది. పోయిన రాజుల పేర్లు చదివి, ఒక్కొక్కరికీ లేచి నిలబడతారు. ఆ విందుకి ఆడవాళ్ళని రానివ్వరు. నువ్వు మాత్రం వెళ్ళు. పోయినవాళ్ళు రాకూడదని నియమాల్లో ఎక్కడా లేదట, వెతికి చూశానన్నాడు.

మర్నాడు పొద్దున ఏం జరిగిందో నాకు రాసి పంపు. నీ బండి వేళకి మా వాడ తలుపు తియ్యరు.

గోడెలీవ్

*

లేయ్‌బెకె, బండ్ల సత్రం
1817 జనవరి 21, పొద్దున

అక్కయ్యా,

పాలమనిషి చేత ఇది పంపుతున్నాను. వెంటనే చదువు.

వెళ్ళాను. తలుపు దగ్గర బల్ల చివర కూర్చున్నాను. ఎవరూ నా వంక చూడలేదు, కానీ ఎవరూ తలుపు వెయ్యమనలేదు. పేర్లు చదవటం మొదలైంది. నాన్న పేరొచ్చింది, అందరూ లేచారు, నేనూ లేచాను. చివరికి నా పేరు చదివారు. మళ్ళీ లేచారు. పోయినవాడికి నేను లేవాలో కూర్చోవాలో తెలియక సగం లేచి అలాగే ఉండిపోయాను. నడుం పట్టేసింది. ఎంతసేపటికీ వాళ్ళు కూర్చోరు. నా కోసం అంతసేపు నిలబడ్డారు అక్కయ్యా, ఒక్కొక్కడికీ డెబ్బై దాటింది.

తర్వాత ఖీస్లెన్ పుస్తకం మూసి, సంఘానికి కొత్త కుర్రాడొకడు కావాలి అన్నాడు. బాణాలు ఏరేవాడు. పైకి వేసినవి నెత్తిన పడకుండా తలమీద వెదురుబుట్ట బోర్లించుకుని స్తంభం కింద తిరగాలి. పేరూ ఊరూ అడగం, కొత్తవాడైతే చాలన్నాడు. అందరూ నా వంక చూశారు. ఇరవయ్యేళ్ళ తర్వాత చూశారు.

నేను అలవాటు కొద్దీ లేచి కుడిచెయ్యి ఎత్తాను. ఎందుకురా చెయ్యి దించు అన్నాడు ఖీస్లెన్. నన్ను ప్రమాణం అడగలేదు అక్కయ్యా. వసంతంలో మొదటి ఆదివారం పిట్టను ఎక్కిస్తాం, వస్తావా అన్నాడు. వస్తానన్నాను.

ఇవాళ పొద్దున బ్రస్సెల్స్ నుంచి మనిషి సత్రానికొచ్చాడు. రాజుగారు నాకు సింహం బొమ్మ పతకం ఇస్తారట, మంత్రి పదవి మాట కూడా ఉందట. సరిగ్గా ఆ ఆదివారమే రావాలట. ముప్పై ఏళ్ళలో పిలిచిన దొర దగ్గరికల్లా వెళ్ళాను. ఈసారి జవాబు నిలబడే రాసిచ్చాను. ఆ రోజు నాకు మా ఊళ్ళో బాణాలేరే పనుంది, రావటానికి కుదరదని.

లీవెన్